ఆమె అన్నం తింటుంటే చూసినవాళ్లు

సూరత్ పక్కనున్న పల్సానా నుంచి ఆమె తమ్ముడు ఫోన్ చేసి, "అక్క పోయింది చెల్లె. నాలుగు దినాలాయె" అన్నాడు. నేను నోరు తెరిచేలోపే ఇంకో మాట అన్నాడు. "పటం కట్టిద్దామంటే ఇంట్ల ఒక్క ఫోటో గూడ లేదు. నీ తాన గా వీడియోలుంటయి గదా. జర అండ్లకెల్లి ఒకటి తీసి పంపు."

ఆ ముఖాన్ని ఏడాదిపాటు రోజూ ఎంతోమంది చూశారు. అయినా పటానికి పనికొచ్చే ఫోటో లేదు. ఆ మధ్యాహ్నమంతా పాత వీడియోలు ముందేసుకుని కూర్చున్నాను. ఆపాను, వెనక్కి తిప్పాను, మళ్ళీ ఆపాను. ఏ ఒక్కదానిలోనూ ఆమె మనవైపు చూడలేదు. కళ్ళు ఎప్పుడూ కిందికే ఉండేవి. తెర అడుగున ఒకదాని వెనక ఒకటి పాకుతూ వచ్చే కామెంట్లనే చూసేది. వాటిని ఆమె చదవలేదు. అయినా చూసేది, ఇంటికొచ్చిన మనిషితో ముఖం పక్కకు తిప్పుకుని మాట్లాడితే బాగుండదన్నట్టు. చివరికి పొయ్యి పక్కన నవ్వుతున్న ఒక క్షణాన్ని పట్టుకుని పంపాను. కళ్ళు మూసుకున్నట్టుందని పటాలు కట్టే అతను అన్నాడట. ఆ మాట చెప్పాక తమ్ముడు మళ్ళీ ఫోన్ చేయలేదు.

సూరత్‌లోని భేస్తాన్‌లో మాది పైగది, వాళ్ళది కిందిగది. సిరిసిల్ల దిక్కు నుంచి పెళ్ళయిన కొత్తలో సూరత్ వచ్చిన నేతవాళ్ళు. ఆమె భర్త, నేను బావ అని పిలిచే మనిషి, పవర్‌లూమ్ కార్ఖానాలో పనిచేసేవాడు. ఆమె ఇంట్లో కూర్చుని చీరల మీద మెరిసే రాళ్ళు అంటించేది. పిల్లలు లేరు. నాకంటే పదిహేనేళ్ళు పెద్దది కాబట్టి అక్క అనేదాన్ని. గల్లీలో అందరికీ కూడా ఆమె అక్కే. నేను ఇక్కడే పుట్టి పెరిగాను. ఒక చీరల దుకాణంలో బిల్లులు రాసే ఉద్యోగం ఉండేది. మొదటి లాక్‌డౌన్‌తో అది పోయింది.

ఆ వారం మా గల్లీకి చెవులు మూసుకుపోయినట్టయింది. పగలూ రాత్రీ ఆగని మగ్గాలు ఒక్కసారిగా ఆగాయి. మేము మాత్రం ఆ చప్పుడు ఇంకా ఉన్నట్టే అరుచుకుంటూ మాట్లాడుకున్నాం. అందరికంటే గట్టిగా ఆమె అరిచేది. ఇరవై ఏళ్ళ మగ్గాల మోతతో బావకు చెవులు సగమే పనిచేసేవి. "ఉప్పు సరిపోయిందా?" అని ఆయన్ని అడిగితే, పక్క బిల్డింగ్ కిటికీలోంచి ఎవరో "సరిపోయింది అక్కా" అని జవాబిచ్చేవాళ్ళు.

తమ్ముడు అప్పుడు పల్సానాలో ఒక కార్ఖానా ఆవరణలో చిక్కుకుపోయాడు. పదిమంది మగవాళ్ళు, గేటుకు తాళం. వాళ్ళు రోజూ తినే మెస్ మూతపడింది. కార్ఖానా శేఠ్ బియ్యం, ఉల్లిగడ్డలు, కారం పంపాడు కానీ వండటం ఎవరికీ రాదు. ఉన్నది ఒకటే గిన్నె. ఆమె వీడియో కాల్ చేసి ఇక్కడ తన పొయ్యి ముందు కూర్చుని చెప్పేది. "గంజి పారబోయకుండ్రి రా. దాంట్లనే ఇంత ఉప్పు, ఇంత ఉల్లిగడ్డ ఏసి తాగుండ్రి. పారబోసినోనికి రేపు నేను చెప్ప." మూడోరోజుకు పక్క షెడ్డు వాళ్ళు కూడా ఆ ఫోన్ చుట్టూ చేరారు. అప్పుడు తమ్ముడే అన్నాడు, ఒక్కొక్కళ్ళకు ఫోన్ చేసుడెందుకు, లైవ్ పెట్టు, అందరం చూస్తం అని.

ఆమె ఫోన్ పట్టుకుని పైకి వచ్చింది. "పిల్లా, లైవ్ అంటే ఏంది? బతికున్నమని చెప్పుడా?"

నేను నవ్వాను. నాకు పనీ లేదు, ఇంట్లో అమ్మ తప్ప మాట్లాడే మనిషీ లేడు. ఆ రోజే ఆమెకు ఛానల్ తెరిచి ఇచ్చాను.

రోజూ పొద్దున పదింటికి లైవ్. గోడకు పిండి డబ్బా ఆనించి, దానికి ఫోన్ నిలబెట్టి, మొదలుపెట్టే ముందు తెరను కొంగుతో తుడిచేది. "ఆగుండ్రి, మీ మొకాలు తుడుస్త" అనేది. కొలతలు చెప్పేది కాదు. ఎంత పప్పు అని ఎవరైనా అడిగితే "నీ తాన ఉన్నంత" అనేది. లైక్ కొట్టమని చెప్పమని నేను సైగ చేస్తే ఆ సైగను కూడా బయటపెట్టేది. "ఈ పిల్ల లైక్ గొట్టుమని చెప్పమంటున్నది. కొట్టేటోళ్ళు కొట్టుండ్రి. చేతులకు పిండి ఉన్నోళ్ళు ఊకోండ్రి."

చూసేవాళ్ళు కూలి మనుషులు. తెలుగు మాటల్నే ఇంగ్లీషు అక్షరాల్లో రాసేవాళ్ళు. మూడో తరగతితో బడి మానిన ఆమెకు తెలుగు అక్షరాలే కూడబలుక్కోవాలి, ఇవైతే అసలే తెలియవు. కాబట్టి నేను కెమెరాకు కనపడకుండా పక్కన పీట వేసుకుని ఒక్కో కామెంటూ పైకి చదివేదాన్ని, ఆమె జవాబిచ్చేది. పేర్లు గుర్తుపెట్టుకోలేక ఊళ్ళతో పిలిచేది. ఖటోదరా మామ, భీవండి తమ్ముడు, మస్కట్ అన్న. కొన్నాళ్ళకు వాళ్ళే తమ పేర్లు మార్చుకుని అలాగే పెట్టుకున్నారు.

ఆడమనిషి ఫోన్‌లో కనిపిస్తే చెత్త రాసేవాళ్ళు ఉంటారు. అలాంటివి నేను దాటేసి తర్వాతది చదివేదాన్ని. ఆమె లైవ్ అయిపోయాక గిన్నెలు తోముతూ అనేది, "నడుమ ఒకటి ఇడిసిపెట్టినవ్. ఇడిసిపెట్టినప్పుడల్ల నీ గొంతు సన్నగైతది, నాకు తెల్వదా?" ఏం రాశారని మాత్రం ఎప్పుడూ అడగలేదు.

మగ్గాలు మళ్ళీ తిరిగాయి. మనుషులు మెస్సులకు వెళ్ళారు. వంట నేర్చుకునే అవసరం తీరినా చూసేవాళ్ళు తగ్గలేదు. ఆ శీతాకాలంలో యాప్ వాళ్ళు ఒక కొత్త మీట ఇచ్చారు. నెలకు కొంత కట్టి చేరినవాళ్ళకు మాత్రమే కనిపించే వీడియోలు పెట్టుకోవచ్చు. నాకు ఉత్సాహం ఆగలేదు. నేను రోజూ చూసే హిందీ అమ్మాయి ఒకతె ఉండేది. ఆమె బజారుకు వెళ్ళడం, జుట్టు దువ్వుకోవడం అందరికీ ఉచితంగా చూపించి, తన గదీ, బీరువా, మేకప్ సంచీ డబ్బు కట్టినవాళ్ళకు మాత్రమే చూపించేది. మనమూ అలాగే చేద్దామన్నాను. వంట అందరికీ, నీ చీరలూ నీ ఇల్లూ మెంబర్లకు.

ఆమె బీరువా తలుపు తెరిచింది. లోపల మడతపెట్టిన నాలుగు చీరలు, బావ పంచె, మందుల కవరు ఉన్నాయి. కాసేపు వాటినే చూసి తలుపు మూసింది.

"పైసలు గట్టి జూసేటంత ఏమున్నది పిల్లా నా ఇంట్ల?"

అదే మాట మరునాడు లైవ్‌లో వాళ్ళనే అడిగింది. నవ్వే బొమ్మలు బోలెడు వచ్చాయి. మస్కట్ అన్న ఒక్కడు పెద్ద కామెంటు రాశాడు. నేను చదివాను. "అక్కా, నువ్వు వండుడు చూసినం. నువ్వు తినేటప్పుడు గూడ లైవ్ పెట్టు. మేం గూడ పళ్ళెం పెట్టుకోని నీతోని కూసుంటం. ఇక్కడ నేను గోడకు మొకం పెట్టి తింటున్న."

ఆమె గరిటె కింద పెట్టింది. "గిదొక పనా?" అంది. కానీ మరునాటి నుంచే మధ్యాహ్నం ఒంటిగంటకు, కార్ఖానాల్లో అన్నానికి వదిలే వేళకు, మెంబర్లకు మాత్రమే రెండో లైవ్ మొదలైంది. అందులో ఏమీ ఉండేది కాదు. ఒక ఆడమనిషి నేలమీద కూర్చుని అన్నం తినేది. ముద్ద ముద్దకూ మధ్య ఒక్కొక్కరినీ పిలిచేది. "ఖటోదరా మామా, ఇయ్యాల ఏం కూర? గంత తక్కువ పెట్టుకున్నవేంది? ఇంకింత ఏసుకో, నేను ఆగుత." అని నిజంగానే చెయ్యి పళ్ళెంలో ఆపి కూర్చునేది. వేసుకున్నానని అతను రాసి, నేను చదివేదాకా ముద్ద ఎత్తేది కాదు. భీవండి తమ్ముడి తల్లి చనిపోయినరోజు అతను ఊరికి వెళ్ళలేకపోయాడు. రైళ్ళు లేవో, సెలవే దొరకలేదో నాకిప్పుడు గుర్తులేదు. "పొద్దుగాల మా అమ్మ పోయింది అక్కా. ఎవ్వలకు చెప్పాల్నో తెల్వక నీకు చెప్తున్న" అని రాశాడు. ఆ రోజు ఆమె తినలేదు. పళ్ళెం పక్కకు జరిపి గంటసేపు అతనితోనే మాట్లాడింది. మీ అమ్మ చేతి కూర ఏది బాగుండేది, నిన్ను ఏమని పిలిచేది, అని అడుగుతూ కూర్చుంది. మిగతావాళ్ళు ఒక్కరూ వెళ్ళిపోలేదు.

బావకు ఇదంతా నచ్చలేదు. "నీ తిండి మంది జూసుడేంది?" అని ఒకసారి గట్టిగానే అన్నాడు. ఒక్క గది ఇల్లు, ఆయన పోవడానికి వేరే చోటు లేదు. మధ్యాహ్నం ఇంటికి వస్తే పళ్ళెం పట్టుకుని కెమెరాకు వీపు చేసి కూర్చునేవాడు. ఆ వీపు మెంబర్లకు ఇష్టమైపోయింది. బావ తిన్నడా, బావ బనీను కొత్తదా, బావకు ఇంకింత చారు పొయ్యి అక్కా, అని రాసేవాళ్ళు. ఆమె ఆయన చెవి దగ్గరికి వంగి అరిచేది, "నీకు ఇంకింత పొయ్యమంటున్నరు." ఆయన వెనక్కి తిరగకుండానే గిన్నె వెనక్కి చాపేవాడు. అదే ఆయన మర్యాద.

రెండో ఏడు ఎండలు మొదలయ్యే వేళకు సూరత్‌లో మళ్ళీ అంబులెన్సుల మోత పెరిగింది. బావకు జ్వరం వచ్చింది. మూడోరోజుకు మాట్లాడుతుంటే ఆయాసం. తమ్ముడు వచ్చి ఇద్దరినీ దవాఖానాకు తీసుకెళ్ళాడు. లోపలికి ఎవరినీ పోనివ్వలేదు. బయట రేకుల షెడ్డులో మిగతా రోగుల మనుషులతోపాటు ఆమె కూర్చుంది. వెళ్ళేముందు నాకు ఒక్క మాటే చెప్పింది. "ఎవ్వలన్న అడిగితే ఊరికి పోయిందని చెప్పు. పరేషాన్ అయితరు."

మెంబర్లు అడిగారు. మొదటిరోజు ఇరవై, రెండోరోజు ఇంకా ఎక్కువ. అక్క ఏది, బావ ఏడి. ఊరికి వెళ్ళారని రాశాను. నాలుగోరోజుకు కొందరు ఇక రాదేమో అని రాయడం మొదలుపెట్టారు. ఇక్కడ నా గురించి నిజం చెప్పాలి. వాళ్ళు వెళ్ళిపోతారేమోనని భయపడింది ఆమె కోసం కాదు. ఏడాదిగా నేను పొద్దున లేచింది ఆ పదిగంటల కోసం, ఆ ఒంటిగంట కోసం. నన్ను ఎవరూ చూడలేదు, నా పేరు ఎవరికీ తెలియదు. అయినా ఆ గదిలో నాకొక చోటుంది. అది మూతపడితే నేను మళ్ళీ పైగదిలో గోడలు చూస్తూ కూర్చోవాలి.

నా ఫోన్‌లో ఒక పాత వీడియో ఉంది. ఉగాదికి ముందు ఒకరోజు లైవ్ మధ్యలో నెట్ పోయింది. అది తెలియక ఆమె తింటూ మాట్లాడుతూనే ఉంది, వెనక బావ వీపు, రికార్డు మాత్రం నాదగ్గర మిగిలింది. ఎవరూ చూడనిది. బావకు ఆక్సిజన్ పెట్టారని నాకు తెలుసు. తెలిసే ఆ మధ్యాహ్నం ఒంటిగంటకు దాన్ని మెంబర్లకు పెట్టాను. ఊరినుంచి వచ్చేశారా అని అడిగినవాళ్ళకు అవును అని రాశాను.

అరగంటకు ఆమె ఫోన్ చేసింది. ఆ ఛానల్ ఆమె ఫోన్‌లో కూడా ఉంటుందని నేను మరిచాను. వెనక ఎవరో గుజరాతీలో ఏడుస్తున్నారు.

"గిది ఏ దినానిది?"

"ఉగాది ముందుది, అక్కా."

"గా దినం చింతపండు చారు జేసిన. రెండు మాట్ల పోసుకున్నడు." తర్వాత అంది, "కింద రాస్తున్నరు గదా. ఏం రాస్తున్నరు? సదువు."

"అక్కా, తీసేస్తాను. సారీ అక్కా."

"సదువుమన్న."

చదివాను. బావ వచ్చిండు. బావ ఇయ్యాల మంచిగ తింటున్నడు. బావ పతలగైండు, జర నెయ్యి పెట్టు అక్కా. గొంతు సన్నబడకుండా చదవడానికి చాలా కష్టపడ్డాను. ఏడెనిమిది చదివాక, "ఇగ చాలు" అని పెట్టేసింది. మరునాడు పొద్దున బావ చనిపోయాడు. మనిషిని ఇంటికి తీసుకురానివ్వలేదు. తమ్ముడు ఒక్కణ్ణి దూరంగా నిలబడనిచ్చారట.

పన్నెండు రోజుల తర్వాత ఆమె పైకి వచ్చి మా గుమ్మంలో నిలబడింది. ఆ పన్నెండు రోజులూ నాకు కిందికి వెళ్ళే ధైర్యం రాలేదు. మా అమ్మ వెళ్ళి వచ్చేది. ఇప్పుడు అక్కే నన్ను ఒకసారి కిందికి రమ్మంది. లైవ్ పెట్టమంది. "అందరికి పెట్టు. పైసలు గట్టినోళ్ళకు, కట్టనోళ్ళకు, అందరికి."

పిండి డబ్బాకు ఫోన్ ఆనించాను. ఆమె తెర తుడవలేదు. పొయ్యి వెలిగించలేదు. నేలమీద కూర్చుని, అందరూ వచ్చేదాకా ఆగి, ఎప్పుడూ లేనంత చిన్న గొంతుతో మాట్లాడింది.

"మీ బావ లేడు. కరోనాతోని దవాఖాన్ల పోయిండు. పోయేదానికి ఒక్క దినం ముందుగాల మీరు జూసిన వీడియో పాతది. గప్పుడు ఆయనకు ఆక్సిజన్ ఉండె. ఊరికి పోయినమన్నది గూడ అబద్దమే. గా వీడియో నేనే పెట్టిన."

నేను పీట మీదినుంచి లేవబోయాను. ఆమె నావైపు చూడకుండానే నా మోకాలి మీద చెయ్యి వేసి కూర్చోబెట్టింది. ఆ చెయ్యి లైవ్ అయ్యేదాకా అక్కడే ఉంది.

కామెంట్లు వచ్చాయి. మొదట ఏడుపు బొమ్మలు, దండాల బొమ్మలు. చదివాను. తర్వాత వేరేవి మొదలయ్యాయి. నేను ఒకటి దాటేశాను.

"ఇడిసిపెట్టినవ్" అంది. "ఇయ్యాల ఏదీ ఇడువకు. ఉన్నది ఉన్నట్టు సదువు."

"అక్కా, వద్దు."

"సదువు."

చదివాను. మొగన్ని దవాఖాన్ల పండవెట్టి తిండి వీడియో పెడ్తదా ఎవతన్న. చదివాను. గిన్ని దినాలు అక్కా అక్కా అన్నందుకు మంచిగ జేసినవ్. మోసగత్తె. ఇంకా ఘోరమైనవి కూడా ఉన్నాయి. అన్నీ పైకి, ఒక్కో అక్షరమూ. నేను చేసిన పనికి వచ్చిన తిట్లను నా నోటితోనే ఆమెకు వినిపించాను. ఆమె తలవంచి కామెంట్ల వైపే చూస్తూ ఒక్కోదానికీ తల ఊపింది. చివర్లో భీవండి తమ్ముడిది వచ్చింది. తిట్టు కాదది. "అక్కా, మా అమ్మ పోయిన దినం నేను నీకే చెప్పిన. నువ్వు నాకు చెప్పలే."

దానికి మాత్రం ఆమె జవాబివ్వాలని చూసింది. చెయ్యి చాపి ఫోన్‌ను తెర కిందికి ఉండేలా నేలమీద బోర్లించింది.

కాసేపటికి, తాళం వేసిన వీడియోలు అన్నీ తెరవమంది. "ఆయన వీపు పైసలు గట్టినోళ్ళకే కనవడాల్నా? అందరు జూడనియ్యి." ఒక్కోటీ తెరుస్తూ వచ్చాను. సాయంత్రం దాకా పట్టింది. ఆమె పక్కనే గోడకు ఆనుకుని కూర్చుంది. అన్నీ అయ్యాక అడిగాను, నేనే పెట్టానని ఎందుకు చెప్పలేదని.

"చెప్తే నువ్వు మల్ల ఈ గుమ్మం తొక్కుతవా?" అంది. "రేపటి సంది నాకు కాయితాలు సదివేదెవలు?"

నిజమే. తర్వాత నెలంతా కాగితాలే. చావు సర్టిఫికెట్‌లో బావ పేరు ఒక అక్షరం తప్పు పడింది. దాన్ని దిద్దించడానికి ఆమెతోపాటు నాలుగు ఆఫీసులు తిరిగాను. గుజరాతీలో రాసినవి చదివి చెప్పాను, ఫారాలు నింపాను, ఎక్కడ వేలిముద్ర వేయాలో చూపించాను. బస్సుల్లో పక్కపక్కనే కూర్చునేవాళ్ళం. ఎండ గురించో బస్సు గురించో మాట్లాడేది. నేను ఆ వీడియో మాట ఎత్తబోతే కిటికీ వైపు తిరిగేది. సరైన పేరుతో సర్టిఫికెట్ చేతికి వచ్చిన వారానికి గది ఖాళీ చేసి తమ్ముడి దగ్గరికి పల్సానా వెళ్ళిపోయింది. పిండి డబ్బా మా అమ్మకు ఇచ్చింది. నాకు చెప్పి వెళ్ళలేదు.

దీపావళికి కార్ఖానాలు మూసే ముందు ఒకరోజు పల్సానా వెళ్ళాను. ఆమె ఒక మెస్‌లో వంటకు కుదిరిందని తమ్ముడు చెప్పాడు. పొడుగాటి రేకుల షెడ్డు, చుట్టూ మగ్గాల మోత, వరుసగా కూర్చున్న యాభై అరవై మంది. ఆమె బకెట్ పట్టుకుని వంగి పప్పు వేసుకుంటూ వెళుతోంది. సగానికి సగమైపోయింది. మధ్యమధ్యలో ఆగి ఊపిరి తీసుకుంటోంది. ఆ మనుషుల్లో ఒకప్పుడు ఆమెను ఫోన్‌లో చూసినవాళ్ళు ఉండే ఉంటారు. ఎవరూ గుర్తుపట్టినట్టు లేదు. కొందరు పళ్ళెం పక్కన ఫోన్ పెట్టుకుని ఇంకెవరినో చూస్తూ తింటున్నారు. ఆమె ఎవరినీ ఏమీ అడగలేదు. వేసుకుంటూ వెళ్ళింది.

నన్ను చూసి ఆశ్చర్యపోలేదు. చెయ్యి పట్టుకుని కూర్చోబెట్టి నాకూ పళ్ళెం పెట్టింది. తిన్నాను. అందరూ వెళ్ళాక బయట కుళాయి దగ్గర గిన్నెలు కడుగుతుంటే పక్కన నిలబడ్డాను. ఆరు నెలలుగా దాచుకున్న మాటలు మగ్గాల మోత మీదుగా అరిచి చెప్పాల్సి వచ్చింది.

"అక్కా, ఆ వీడియో నేను పెట్టకుండా ఉండాల్సింది. నేనే పెట్టానని అందరికీ రాస్తాను. నువ్వు ఊఁ అను చాలు."

ఆమె గిన్నె బోర్లించి చేతులు దులుపుకుంది. నా దగ్గరికి వచ్చి, చెవి దగ్గరగా, అరవకుండా చెప్పింది.

"రాయకు. ఎవ్వలకోసం రాస్తవ్? వాళ్ళెప్పుడో మర్సిపోయిన్రు. నాకు నీ మీద కోపమొచ్చిన మాట నిజమే, దాచను. షెడ్డుల కూసోని నిన్ను ఎన్ని తిట్టుకున్ననో. గా కోపం పోయింది బిడ్డా. పోనిది ఇంకోటున్నది."

ఏమిటని అడిగాను.

"గా మాటలన్ని నీ గొంతుతోని ఇన్న గదా. మోసగత్తె అన్నది, నాకు చెప్పలే అన్నది. రాసినోళ్ళ గొంతు నాకు తెల్వది. నాకు తెల్సింది నీ గొంతే. ఇప్పుడు నువ్వు 'అక్కా' అన్నా గవే ఇనవడ్తయి. నీ తప్పు గాదు, సదువుమన్నది నేనే. గని నువ్వు ఇగ రాకు."

ఆ మాట అనేటప్పుడు నా బుగ్గమీద తడి చెయ్యి పెట్టింది. ముఖంలో కోపమేమీ లేదు. చాలా అలసిపోయి ఉంది. ఊపిరితిత్తుల్లో నీరు చేరిందని అప్పటికే డాక్టరు చెప్పాడట, నాకు తర్వాత తెలిసింది.

రోడ్డు దాకా నాతో వచ్చింది. భేస్తాన్ వైపు వెళ్ళే షేర్ ఆటోను తనే చెయ్యెత్తి ఆపింది. ముందు సీటులో కాకుండా వెనక, అంచున చోటు ఇవ్వమని డ్రైవరుతో హిందీలో గొడవపడింది. నేను ఎక్కాను. పోయొస్తా అక్కా అని చెప్పబోయి, పెదవుల దాకా వచ్చిన మాటను మింగేశాను. చెయ్యి మాత్రం ఊపాను. ఆమె నన్నే, తలెత్తి, నేరుగా చూస్తోంది. ఆటో కదిలి మలుపు తిరిగేదాకా అలాగే చూస్తూ నిలబడింది.